మెనూలో లేని మనిషి

మా మామకు ఊరి జాతరలో సన్మానం చేస్తామని యువక సంఘం వాళ్ళు వచ్చి చెప్పిపోయిన రోజు నుంచి, ఆయన ఇంట్లో కూడా శాలువా లేకుండా తిరగడం మానేశాడు. ఎండాకాలం. అదీ బళ్ళారి ఎండ. కోళ్ళు కూడా నీడ కోసం ట్రాక్టర్ కింద దూరుతుంటే, ఈయన హాల్లో ఉన్ని శాలువా కప్పుకుని అద్దం ముందు నిలబడి, మెడ ఏ పక్కకు వంచితే దండ బాగా పడుతుందో చూసుకునేవాడు.

సన్మానం కళాసేవకు. ఆయన చేసిన కళాసేవ మొత్తం ఒక్క నాటకం.

కప్పగల్లు దాటాక మామ వాళ్ళ ఊరు. ఇక్కడి ఊళ్ళలో జాతర అంటే పద్యనాటకం ఉండాల్సిందే. చూసేవాళ్ళలో సగం మంది ఇంట్లో కన్నడం మాట్లాడతారు, అయినా తెలుగు పద్యం ఎక్కడ తప్పిందో వాళ్ళే ముందు పట్టుకుంటారు. ఇనుప ఖనిజం లారీలు దుమ్ము రేపుకుంటూ తిరిగిన రోజుల్లో మామకు నాలుగు లారీలుండేవి. లారీలున్న వాళ్ళందరికీ అప్పుడు ఏదో ఒక సరదా పుట్టింది. ఒకాయన గుడికి గాలిగోపురం కట్టించాడు, ఒకాయన పంచాయతీకి నిలబడి ఓడిపోయాడు, మా మామ పౌరాణిక నాటకంలో రాజు వేషం కట్టాడు. స్టేజీ ఆయనదే, సీనరీలు మోసిన లారీ ఆయనదే, జనరేటర్ ఆయనదే. మరి రాజు ఇంకెవరవుతారు?

నా పెళ్ళి అయ్యేనాటికి ఈ నాటకం జరిగి నాలుగైదేళ్ళయింది. పెళ్ళిచూపుల్లోనే నాకు ఆ కథ వినిపించారు. రాజు పద్యం ఎత్తుకోగానే జనం 'వన్స్‌మోర్' అని మూడుసార్లు అరిచారట. మాకు కొడుకు పుట్టేసరికి అది ఐదుసార్లయింది. ఈమధ్య ఎవరో చుట్టాలొస్తే తొమ్మిది అని చెప్పాడు. నేను అత్త వైపు చూశాను. ఆమె కాఫీ గ్లాసులు తీసుకుని వంటింట్లోకి వెళ్ళిపోయింది.

ఒక్క సంగతి మాత్రం నాకు విచిత్రంగా ఉండేది. అంత గొప్ప గొంతున్న మనిషి ఇంట్లో ఎప్పుడూ కూనిరాగం కూడా తీయడు. స్నానాల గదిలో కూడా నిశ్శబ్దమే. ఇదేమిటని మా ఆవిడను అడిగితే, "నాయిన గొంతు దాచుకుంటాండాడు" అనేది. ఆ నాటకం జరిగినప్పుడు తను హాస్టల్లో ఉండి చదువుకుంటోంది. చూడలేదు. నేను గుంతకల్లు వైపు వాడిని, నేనూ చూడలేదు. కాబట్టి మా ఇద్దరికీ నమ్మకం గట్టిగానే ఉండేది.

నేను బళ్ళారిలో ఒక ఆఫీసులో కంప్యూటర్ సెక్షన్లో పనిచేస్తాను. దానివల్ల అత్తగారింట్లో నా హోదా 'కంప్యూటర్ తెలిసిన అల్లుడు'. ఆ హోదా వినడానికి బాగుంటుంది. దాని అర్థం ఏమిటంటే పొలం పహణీలు ప్రింట్ తీయడం, ఫోన్లు రీఛార్జ్ చేయడం, టీవీ రిమోట్‌లో బ్యాటరీలు మార్చడం.

ఒక ఆదివారం మామ బీరువా తెరిచి, లారీ కాగితాల కింద నుంచి పట్టుగుడ్డలో చుట్టిన డీవీడీ తీసి నా చేతిలో పెట్టాడు.

"సన్మానం ముందర స్టేజీ మీద పెద్ద స్క్రీన్ పెడతారంటప్పా. అండ్లో నా పద్యం రావల్ల. పది నిమిషాలు. నువ్వే చూసుకోవల్ల."

డీవీడీ ఆడించే మిషన్ వాళ్ళింట్లో ఎప్పుడో చెడిపోయింది. నా ల్యాప్‌టాప్‌లో డిస్కు పెట్టే చోటే లేదు. ఆఫీసులో మూలకు పడేసిన పాత కంప్యూటర్ ఒకటుంటే, దాని ట్రే పెన్నుతో పీకి బయటికి లాగి, గీతలు పడిన ఆ డిస్కును నాలుగుసార్లు తుడిచి, లోపలున్నదంతా ఒక ఫోల్డర్‌గా పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కించాను. వీడియో టీఎస్ అని దాని పేరు. తెరిచి చూస్తే సినిమా లాంటి ఒక్క ఫైలు కాదు, పదికి పైగా ఉన్నాయి. కొన్ని ఒక్కొక్కటి ఒక జీబీ పెద్దవి, కొన్ని చీమ తలకాయంత. పేర్లు చూస్తే అంకెలూ అడ్డగీతలూ తప్ప ఏమీ అర్థం కావు.

ఆ తర్వాతి ఆదివారం మామ ఇంట్లో టీవీకి కేబుల్ తగిలించి కూర్చున్నాను. మొదటి పెద్ద ఫైలు నొక్కాను. తామరపువ్వు విచ్చుకుంది, గంట మోగింది, పువ్వులోంచి కిరీటం పెట్టుకున్న మామ ఫోటో గిరగిరా తిరుగుతూ బయటికొచ్చింది. అరనిమిషానికి మళ్ళీ తామరపువ్వు, మళ్ళీ గంట, మళ్ళీ మామ.

అది మెనూ. డిస్కు పెట్టగానే ముందు కనిపించే బొమ్మ. నాటకం ఇంకా మొదలే కాలేదు. ఆ మాట చెబుదామని తిరిగితే, మామ కుర్చీ ముందుకు జరుపుకుని కళ్ళార్పకుండా చూస్తున్నాడు.

"చూసినావా అప్పా, ఎట్ల ఉండానో! ఏం తీసినాడు ఫోటోవాడు!"

పది నిమిషాల పాటు ఆయన పువ్వులోంచి పుడుతూనే ఉన్నాడు. ఆపుదామంటే వద్దన్నాడు. చివరికి కరెంటు పోయింది కాబట్టి ఆగింది.

కరెంటు వచ్చాక వేరే పెద్ద ఫైలు నొక్కితే రాజు నోరు సగం తెరిచి, పద్యంలో మూడో పాదం మధ్యలోంచి మొదలయ్యాడు. ఒకే పద్యం ముందు సగం ఒక ఫైల్లో, వెనక సగం ఇంకో ఫైల్లో ఉంది. డిస్కులో ఎక్కించేటప్పుడు జీబీ నిండగానే అలా తెగుతుంది, దానికి పద్యమైనా ఒకటే, తిట్టయినా ఒకటే. మామకు కోపమొచ్చింది.

"నా పద్యాన్ని నడిమికి నరికినావు గదప్పా! కంప్యూటర్ తెల్సు తెల్సు అంటివి!"

తెలుసని నేనెప్పుడూ అనలేదు. వాళ్ళే అన్నారు. ఏమైనా, కాసేపు కొట్టుకుంటే కిటుకు దొరికింది. ఫైళ్ళను విడివిడిగా నొక్కకూడదు, ఫోల్డర్ మొత్తాన్ని ప్లేయర్‌కు అప్పజెప్పాలి. అప్పుడు ఆ చీమ తలకాయ ఫైళ్ళు పనిలోకి దిగుతాయి. ఏది ముందు, ఏది వెనక, ఏ బటన్ నొక్కితే ఎక్కడికి పోవాలి అన్నదంతా వాటిలోనే రాసి ఉంటుంది. అలా చేయగానే మెనూ కింద నాలుగు బటన్లు వచ్చాయి. ప్రార్థన, మొదటి అంకం, రెండో అంకం, మంగళం. రెండో అంకం నొక్కాను. రాజు వచ్చాడు, మీసం దువ్వాడు, పద్యం ఎత్తుకున్నాడు.

నిజం చెప్పాలి. నాకు ఒళ్ళు జలదరించింది. ఏం గొంతు అది! పై షడ్జం మీద నిలబెట్టిన రాగం జారదు, వణకదు. కిందికి దిగేటప్పుడు ప్రతి అక్షరం విడివిడిగా వినిపిస్తుంది. జనం నిజంగానే అరిచారు. నేను లెక్కపెట్టాను, రెండుసార్లు. అయినా ఏం? పెళ్ళైన పదకొండేళ్ళలో మొదటిసారి, ఆ ఒక్క సాయంత్రం నేను మా మామను మనస్ఫూర్తిగా గౌరవించాను. వెళ్ళేటప్పుడు కాళ్ళకు దండం కూడా పెట్టాను. ఆయన ఆశ్చర్యపోయి, "ఏంది, ఒంట్లో బాగలేదా?" అని అడిగాడు.

పద్యం వరకు కత్తిరించి ఇస్తానంటే మాత్రం ఒప్పుకోలేదు. "ఏదీ కొయ్యాకు. పద్యం ఒక్కటే కోస్తే ముందర నా నడక పోతాది" అన్నాడు. సరే, ఫోల్డర్ మొత్తం తెచ్చి అక్కడే కావలసిన చోటికి జరిపి వేయిస్తానని చెప్పాను.

జాతరకు వారం ముందు, మళ్ళీ వాళ్ళింట్లోనే, పెన్‌డ్రైవ్ ఒకసారి సరిచూసుకుంటున్నాను. అప్పుడు కంటబడింది. మెనూలో నాలుగు బటన్లూ నొక్కి చూశాను. అవన్నీ మొదటి జట్టు ఫైళ్ళలోనే తిరుగుతున్నాయి. అన్నిటికంటే అడుగున, రెండు అనే అంకెతో ఇంకో ఫైలుంది. మరీ పెద్దది కాదు. ఏ బటన్ నొక్కినా అక్కడికి పోవడం లేదు. దాన్ని విడిగా నొక్కాను.

స్టేజీ పక్కనుంచి తీసిన వీడియో. తెర చాటున ఒక మనిషి నిలబడి ఉన్నాడు. పంచె, బనియను, మెడకు చుట్టుకున్న ఎర్ర టవలు. చేతిలో మైకు. కళ్ళు మూసుకుని పద్యం పాడుతున్నాడు. అదే పద్యం. అదే గొంతు. దూరంగా, బొమ్మ అంచున, మెరుపుల కోటు వేసుకున్న మా మామ నోరు కదుపుతున్నాడు, అరక్షణం ఆలస్యంగా. ఒకచోట మీసం ఊడి వస్తుంటే నోరు మూసుకుని రెండు చేతులతో అతికించుకున్నాడు. పద్యం మాత్రం ఆగలేదు. అంతకుముందు చూసిన నాటకంలో సరిగ్గా ఆ చోట ఫోటోవాడు జనాన్ని చూపించాడు.

వెనక అలికిడైతే తిరిగాను. అత్త. చేతిలో మజ్జిగ చెంబు.

"ఇది గూడా ఉండాదా నాయనా అండ్లో?" అంది. ఏమాత్రం కంగారు లేదు. కాస్త వంగి చూసింది. "ఆ ఎర్ర టవలు నేనే ఇచ్చినా. పాపం, ఆ దినం ఆయప్పకు జరం."

"ఎవరత్తా ఈయన?"

"మన చేన్లో పని చేస్తాండె. ఇప్పుడు కూరెకుప్ప కాడ ఏదో గోడౌను గేటు కాడ వాచ్‌మన్. పద్యాలన్నీ ఆయప్పకే వచ్చు. మీ మామకు రెండు పాదాలు దాటితే మూడోది గుర్తుండదు."

"మరి ఇన్నేళ్ళూ మామ..."

"గమ్మునుండు నాయనా" అని మజ్జిగ అక్కడ పెట్టి వెళ్ళిపోయింది.

గమ్మునుండడం నావల్ల కాలేదు. నాకు కోపం ముంచుకొచ్చింది. కాళ్ళకు పెట్టిన దండం గుర్తొచ్చి ఆ కోపం రెట్టింపయింది. రెండు రోజులకు ఆఫీసు పని మీద అటు వెళ్ళాల్సి వస్తే, ల్యాప్‌టాప్ సంచీలో పెట్టుకుని కూరెకుప్ప వైపు బండి తిప్పాను. గోడౌను కనుక్కోవడం కష్టం కాలేదు. గేటు పక్క రేకుల గదిలో ఆయన కూర్చుని ఉన్నాడు. అరవై దాటి ఉంటాయి. నీలం చొక్కా, మెడలో ఈల. ఫలానా వాళ్ళ అల్లుణ్ణని చెప్పగానే లేచి నిలబడ్డాడు.

"కూర్చో పెద్దాయనా. నీకొకటి చూపియ్యాల" అని ఫైలు నొక్కాను.

ఆయన చూశాడు. అరిచిందీ లేదు, ఏడ్చిందీ లేదు. చూస్తూ చూస్తూ వేళ్ళతో తొడ మీద తాళం వేశాడు.

"దొరికిందా అప్పా!" అన్నాడు అయిపోయాక. "ఉండాదని నాకు తెల్సు."

"తెలుసా? ఎట్ల?"

"బళ్ళారి కంటోన్మెంటులో స్టూడియో ఉండె గదా, ఆ ఫోటో ఆయప్పను నేనే అడిగినా. నన్ను గూడా యాడన్నా ఒక మూల పెట్టు సామీ అని. ఆయప్ప మంచోడు. డిస్కులో నువ్వు లోపల ఉండావప్పా, దారి మాత్రం పెట్టలే, దారి పెడితే మీ ఆసామి గౌడు చూస్తాడు అన్నాడు. నాకు మిషనూ లేదు, డిస్కూ ఇయ్యలే. ఆయప్ప స్టూడియో మూసి యాడికో పోయినాడు."

"ఆ వేషం నువ్వే కట్టొచ్చు కదా అప్పుడు?"

ఆయన నా వైపు జాలిగా చూశాడు. ఆ చూపు మర్చిపోలేను. చిన్న పిల్లలు పిచ్చి ప్రశ్న అడిగితే చూస్తారే, అలా.

"మా కింది వీధి నుంచి స్టేజీ మీదికి రాజును ఎవరు ఎక్కించినారప్పా? తెర ఎనక అయితే యా వీధి అని ఎవరూ అడగరు."

ఒక లారీ వచ్చి హారన్ కొట్టింది. ఆయన లేచి వెళ్ళి గేటు తీసి, నంబరు రాసుకుని, మళ్ళీ మూసి వచ్చాడు. ఆ వీడియో తన ఫోన్లో పెట్టమన్నాడు. ఫోన్ ఆ రకం ఫైలును ఒప్పుకోలేదు. మార్చి పంపిస్తానని నంబరు తీసుకున్నాను. "జాతరకు రా పెద్దాయనా" అన్నాను. "డ్యూటీ ఉండాది" అన్నాడు.

తిరిగి వస్తూ దారంతా నేను గొప్ప గొప్ప నిర్ణయాలు తీసుకున్నాను. స్టేజీ ఎక్కి మైకు లాక్కుంటాను. నిజం చెప్పేస్తాను. బళ్ళారి చేరేసరికి మైకు సంగతి వదిలేశాను. ఇంటికొచ్చి మా ఆవిడ మొహం చూసేసరికి నిజం సంగతి కూడా వదిలేశాను. అలాగని ఆ ఫైలును పెన్‌డ్రైవ్‌లోంచి చెరిపేయనూ లేదు. నాకున్న ధైర్యం అంతవరకే.

జాతర రోజు సాయంత్రం, పొద్దు గుంకుతుండగా సభ మొదలైంది. మామ పట్టుపంచెలో, ముందే ఒక శాలువా కప్పుకుని వచ్చాడు. దాని మీద వాళ్ళు ఇంకోటి కప్పారు. పెద్ద స్క్రీన్ నడిపే ఆపరేటర్ బళ్ళారి నుంచి వచ్చిన మనిషి. కన్నడం, తెలుగు కలిపి మాట్లాడుతున్నాడు. నేను పెన్‌డ్రైవ్ ఇచ్చి, ఫోల్డర్ మొత్తం ఎలా తెరవాలో చెప్పబోయాను. ఆయన వినలేదు. ఫోల్డర్ తెరిచి ఫైళ్ళన్నీ ప్లేయర్లోకి లాగేసి, ఒక్కొక్కటి ఎంతసేపు ఉందో చూశాడు.

"ఏది సార్? పది నిమిషాలంటిరి. మిక్కిద్దెల్లా, మిగతావన్నీ, గంట గంట ఉండాయి. ఇదొక్కటే హత్తు నిమిష. ఇదేనా?"

అడుగున ఉన్న ఫైలు మీద ఆయన వేలు పెట్టి ఉన్నాడు. అది ఏదో నాకు తెలుసు. కాదనడానికి ఒక్క మాట చాలు. నేను తల ఊపాను. అవునని ఊపానో, వద్దని ఊపానో ఎవరైనా అడిగితే రెండూ చెప్పుకోగలిగేలా ఊపాను. ఆయన నొక్కేశాడు.

ఇరవై అడుగుల స్క్రీన్ మీద ఎర్ర టవలు మనిషి కళ్ళు మూసుకుని పద్యం ఎత్తుకున్నాడు.

ఇక గొడవే అనుకున్నాను. ఇంతలో ఆడవాళ్ళ వైపు, కింది వీధి వాళ్ళలోంచి ఎవరో, "అదో, మా పెద్దనాయిన!" అని కేక పెట్టారు. ఈలలు మొదలయ్యాయి. రాజు మీసం అతికించుకునే చోట జనం పడీ పడీ నవ్వారు. పద్యం అయిపోగానే, "వన్స్‌మోర్!" అని ఊరు ఊరంతా అరిచింది. ఆపరేటర్ సంతోషంగా మళ్ళీ వేశాడు.

నా పక్కన కూర్చున్న ముసలాయన తృప్తిగా ఒళ్ళు విరుచుకున్నాడు. "ఇన్నేండ్లకు సరైన పక్కనుంచి తీసింది ఏసినారప్పా."

"మీకు ముందే తెలుసా?"

"యవరికి తెలీదు? ఆ దినం వన్స్‌మోర్ అన్నింది యవరికి అనుకున్యావు?"

అంటే తెలియనిది ఊళ్ళో నాకూ, అప్పుడు హాస్టల్లో ఉన్న మా ఆవిడకూ మాత్రమే. కూరెకుప్ప దాకా మోసుకుపోయి, గుండెల్లో దాచుకుని, వారం రోజులు నిద్ర పాడుచేసుకున్న నా మహా రహస్యం ఇదీ.

స్టేజీ వైపు చూశాను. మామ మొహం ఎర్రబడి ఉంటుందనుకున్నాను. అలాంటిదేమీ లేదు. రెండు శాలువాల కింద నిటారుగా కూర్చుని, స్క్రీన్ చూస్తూ, పద్యంతో పాటు పెదవులు కదుపుతున్నాడు. ఇప్పుడు కూడా అరక్షణం ఆలస్యంగానే. చప్పట్లు మోగగానే లేచి నిలబడి నాలుగు దిక్కులా నమస్కారం పెట్టాడు. సంఘం అధ్యక్షుడు మైకు ముందుకొచ్చి, "ఇద్దరిదీ కళే" అని ఒక ముక్క అన్నాడు. జ్ఞాపిక మాత్రం ఒక్కటే తెచ్చారు కాబట్టి దాన్ని మామకే ఇచ్చారు.

ఇంటికొచ్చాక తిట్లు తప్పవని తల వంచుకుని నిలబడ్డాను. మామ శాలువాలు మడతపెడుతూ అన్నాడు.

"అంతా బాగుండాది గానీ అల్లుడా, అండ్లో నేను శానా చిన్నగా కనబడినా. రోంత దగ్గరికి లాగి చెయ్యలేవా? ముందర ఆ తామరపువ్వు గూడా ఎయ్యలేదు."

అత్త వంటింట్లో గిన్నె కింద పడేసింది. నవ్వు ఆపుకోలేక అనుకుంటాను.

మా ఆవిడ మాత్రం నాతో పది రోజులు సరిగా మాట్లాడలేదు. తండ్రి మీద కోపమో, నా మీదో, ఇన్నేళ్ళు నమ్మినందుకు తన మీద తనకో నేను అడగలేదు. పదకొండో రోజు, "ఆయప్ప పాడేది ఇంకొకసారి ఎయ్యి" అంది. ఇద్దరం కూర్చుని విన్నాం.

ఫైలు మార్చి పెద్దాయన ఫోన్‌కు పంపాను. మరుసటి రోజు ఫోన్ చేశాడు.

"చూసినా అప్పా. మూడో పాదం కాడ శ్రుతి రోంత తగ్గింది. జరం గదా."

జాతర సంగతి చెప్పాను, ఊరు ఎలా అరిచిందో చెప్పాను. "ఊ" అన్నాడు. జ్ఞాపిక ఎవరికిచ్చారని ఆయన అడగలేదు, నేను చెప్పలేదు.

వచ్చే జాతరకు మళ్ళీ నాటకం వేయాలని సంఘం వాళ్ళు తీర్మానించారు. రాజు వేషం మామ తమ్ముడి కొడుక్కి. ఇప్పుడు వాళ్ళకు క్వారీ ఉంది. పద్యాలు పాడమని నలుగురు కలిసి కారేసుకుని గోడౌను దగ్గరికి వెళ్ళారట. పెద్దాయన వాళ్ళకు టీ తెప్పించి, మర్యాదగా కూర్చోబెట్టి, "పాడతానప్పా. కిరీటం గూడా నాకే పెట్టండి" అన్నాడట.

ఆలోచించి చెబుతామని వచ్చేశారు. ఇంకా ఆలోచిస్తున్నారు.